చనిపోయినవాడి తప్పు ఎంత?

2022 ఆగస్టు 25 తెల్లవారుజామున కర్ణాటకలోని తుమకూరు జిల్లా సిరా దగ్గర జాతీయ రహదారి మీద ఒక క్రూజరు, ఒక లారీ ఢీకొని తొమ్మిది మంది చనిపోయారు. కూలిపనికి బెంగళూరు బయల్దేరిన రాయచూరు జిల్లా కుటుంబాలవి. బండిలో ఇరవై మందికి పైగా ఉన్నారు, పోయినవాళ్లలో పసిపిల్లలూ ఉన్నారు. 2024 సెప్టెంబరు 5న మాన్వి తాలూకా కపగల్ దగ్గర స్కూలు బస్సు, ప్రభుత్వ బస్సు ఢీకొని ఇద్దరు పిల్లలు మరణించారు, కొందరు కాళ్లు పోగొట్టుకున్నారు. 2025 జనవరి 21 రాత్రి సింధనూరు దగ్గర అరగినమర క్యాంపు వద్ద మరో వాహనం బోల్తా పడింది. అందులో ఉన్నది మంత్రాలయం నుంచి ఆనెగొందికి, నరహరి తీర్థుల ఆరాధనకు వెళ్తున్న సంస్కృత విద్యార్థులు. వారిలో ముగ్గురు, వాళ్లతోపాటు డ్రైవరు చనిపోయారు.

ఈ మూడింటిలో తప్పెవరిదో తేల్చడం కోర్టుల పని, దాని జోలికి నేను పోను. కానీ ఇలాంటి ప్రతి మరణం తర్వాత మోటారు ప్రమాదాల పరిహార ట్రిబ్యునల్లో ఒక వాదన లేస్తుంది: చనిపోయినవాడి తప్పు కూడా కొంత ఉంది, అంత మేరకు పరిహారం తగ్గించాలి అని. ఆ కోత ఎంత, దానికి ఆధారం ఏమిటి అన్నదే ఇక్కడి ప్రశ్న. రాయచూరు జిల్లాలో ఈ ప్రశ్నకు ఉన్న బరువు వేరు. పోయినవాడు చాలాసార్లు కూలీ. ఎక్కింది టంటం ఆటోనో, ట్రాక్టరు ట్రాలీనో, సరుకుల బండో. ఆదాయానికి కాగితం ఉండదు. పోలీసు కాగితాలు కన్నడంలో ఉంటాయి. ఇంట్లో మాట్లాడేది, ముఖ్యంగా తెలుగువాళ్లు స్థిరపడిన సింధనూరు, మాన్వి క్యాంపుల్లో, తెలుగు.

ముందుగా ఒక అపోహ తొలగించాలి. ప్రమాదం జరిగిన మర్నాడు ముఖ్యమంత్రి, ప్రధానమంత్రి సహాయ నిధుల నుంచి ప్రకటించే రెండు లక్షలో, ఐదు లక్షలో పరిహారం కాదు. అది ప్రభుత్వం దయతో ఇచ్చే సాయం. మోటారు వాహనాల చట్టం కింద కుటుంబానికి ఉన్న హక్కు వేరు, దానికి పిటిషన్ వేరే వేసుకోవాలి. సాయం అందింది కదా అని ఊరుకున్న కుటుంబాలు ఎంత పోగొట్టుకుంటాయో లెక్క వేసి చూస్తే తెలుస్తుంది.

మాన్వి తాలూకాలో 32 ఏళ్ల కూలీ ఒకరు చనిపోయారనుకుందాం. భార్య, ఇద్దరు పిల్లలు, తల్లి ఆయన మీద ఆధారపడ్డవాళ్లు. ట్రిబ్యునల్ ఆయన నెలాదాయాన్ని 12,000 రూపాయలుగా తీసుకుందనుకుందాం. 2009 నాటి సరళా వర్మ తీర్పు, 2017లో ఐదుగురు న్యాయమూర్తులు ఇచ్చిన ప్రణయ్ సేఠీ తీర్పు ఇప్పుడు దేశమంతటా ఈ లెక్కకు కొలబద్దలు. వయసు నలభైలోపు, స్థిరమైన ఉద్యోగం లేదు కాబట్టి ముందు ముందు పెరగగల ఆదాయం కింద 40 శాతం కలుపుతారు, 16,800 అవుతుంది. ఆధారపడ్డవాళ్లు నలుగురు కాబట్టి ఆయన సొంత ఖర్చు కింద నాలుగో వంతు తీసేస్తారు, 12,600 మిగులుతుంది. ఏడాదికి 1,51,200. 31 నుంచి 35 ఏళ్ల వయసుకు గుణకం 16. అంటే 24,19,200 రూపాయలు. దీనికి సాహచర్య నష్టం, అంత్యక్రియల ఖర్చు, ఎస్టేటు నష్టం తోడవుతాయి. 2017లో వీటిని 40,000, 15,000, 15,000గా నిర్ణయించి, మూడేళ్లకోసారి పది శాతం పెంచమన్నారు. రెండు పెంపులయ్యాక అవి 48,400, 18,150, 18,150. 2018 తీర్పు ఒకటి సాహచర్య నష్టాన్ని భార్యకే కాక పిల్లలకూ తల్లిదండ్రులకూ విస్తరించింది. నలుగురికీ కలిపితే మొత్తం 26,49,100 రూపాయలు.

ఇప్పుడు ట్రిబ్యునల్ "మృతుడి తప్పు 25 శాతం" అని ఒక్క వాక్యం రాస్తే 6,62,275 రూపాయలు పోతాయి. అంటే ఆ మనిషి నాలుగున్నరేళ్లకు పైగా పనిచేసి సంపాదించే డబ్బు. సగం తప్పు అంటే 13 లక్షలకు పైగా పోతుంది. నెలాదాయం మీద, గుణకం మీద కోర్టులు ఎన్నో పేజీలు రాస్తాయి. తప్పు శాతానికి మాత్రం చాలా తీర్పుల్లో ఒకటి రెండు వాక్యాలే దొరుకుతాయి. గుణకానికి పట్టిక ఉంది, సొంత ఖర్చుకు పట్టిక ఉంది. తప్పును కొలవడానికి ఏ పట్టికా లేదు. ఉండటం కుదరదు కూడా. అందుకే అక్కడ కారణాలు ఇంకా వివరంగా రాయాలి.

ఆదాయం గురించి రెండు మాటలు. కాగితం లేదన్నంత మాత్రాన కూలీ చెప్పిన సంఖ్యను తోసెయ్యకూడదని కర్ణాటక నుంచి వెళ్లిన కేసులోనే 2011లో సుప్రీంకోర్టు చెప్పింది. గాయపడ్డ ఒక కూలీ నెలకు 4,500 వస్తుందన్నాడు, ట్రిబ్యునల్ 3,000 కట్టింది, సుప్రీంకోర్టు 4,500 ఒప్పుకుంది. లోక్ అదాలత్‌ల కోసం రాష్ట్ర న్యాయ సేవల సంస్థ ప్రమాదం జరిగిన ఏడాదిని బట్టి తయారుచేసిన ఆదాయ పట్టికను కలబురగి హైకోర్టు పీఠంలో కూడా ఆధారంగా తీసుకుంటున్నారు. గృహిణి చనిపోతే ఆమె పనికి విలువ కట్టాలని 2021 జనవరి 5 తీర్పులో జస్టిస్ ఎన్.వి. రమణ విడిగా వివరంగా రాశారు. జీతం లేని ఇంటిపనికి ఆడవాళ్లు రోజుకు సగటున 299 నిమిషాలు, మగవాళ్లు 97 నిమిషాలు వెచ్చిస్తున్నారన్న 2019 కాలవినియోగ సర్వే అందులో ఉంది. పత్తి ఏరడానికి, మిరపకాయలు కోయడానికి పోయి, వచ్చాక ఇంటిపనంతా చేసే ఈ జిల్లా స్త్రీల విషయంలో ఆ రెండో పనిని లెక్కలోకి తెచ్చే లాయర్లు మరింతమంది కావాలి.

తప్పు పంపకం మనకు ఇంగ్లండు నుంచి వచ్చింది. అక్కడ 1809 నుంచి ఒక కఠినమైన సూత్రం నడిచింది: బాధితుడి తప్పు పిసరంత ఉన్నా పరిహారం సున్నా. 1945 చట్టంతో అది పోయి, ఎవరి తప్పు ఎంతో అంతే కోత అన్న పద్ధతి వచ్చింది. అమెరికాలో అలబామా, మేరీలాండ్, నార్త్ కరొలైనా, వర్జీనియాల్లో ఆ పాత సూత్రం ఇంకా పెద్దగా సడలలేదు. మన దేశంలో మొదట 1855 నాటి ప్రాణాంతక ప్రమాదాల చట్టమే ఆధారం. అప్పటి మోటారు వాహనాల చట్టానికి 1956లో చేసిన సవరణతో ప్రత్యేక ట్రిబ్యునళ్లకు దారి ఏర్పడింది. తప్పును ఎలా పంచాలో చెప్పే పూర్తి చట్టం మాత్రం మనకు రాలేదు. ట్రిబ్యునల్ "న్యాయమైన పరిహారం" ఇవ్వాలని ఇప్పటి మోటారు వాహనాల చట్టం 168వ సెక్షన్ చెబుతుంది. మిగతాదంతా తీర్పుల్లో పెరిగింది.

ఆ తీర్పుల్లో మొదట అర్థం చేసుకోవాల్సింది ఇద్దరు డ్రైవర్ల తప్పుకూ, మృతుడి తప్పుకూ ఉన్న తేడా. రెండు బస్సులు ఢీకొని లోపల కూర్చున్న పిల్లవాడు చనిపోతే ఆ పిల్లవాడి తప్పు ఏమీ లేదు. ఇద్దరు డ్రైవర్ల నిర్లక్ష్యం కలిసి అతణ్ని చంపింది. దీన్నే కోర్టుల్లో కాంపోజిట్ నెగ్లిజెన్స్ అంటారు. అలాంటప్పుడు కుటుంబం రెండు బండ్లలో దేని మీదనైనా పిటిషన్ వేసి మొత్తం పరిహారం రాబట్టుకోవచ్చని 2015లో సుప్రీంకోర్టు తేల్చింది. వాళ్లలో వాళ్లు తర్వాత పంచుకుంటారు. మృతుడి సొంత నిర్లక్ష్యం కూడా ప్రమాదానికి కారణమైతేనే అది కాంట్రిబ్యూటరీ నెగ్లిజెన్స్, అప్పుడే కోత. ఇంత తేలికైన తేడాను కింది కోర్టులు ఎన్నోసార్లు కలిపేశాయి. కర్ణాటకలోనే 2013లో ఒక కారు, హెచ్చరిక దీపాలు లేకుండా హైవే మధ్యలో వదిలేసిన పెద్ద ట్రైలరు లారీని గుద్దింది. హైకోర్టు దాకా కారు డ్రైవరు తప్పు సగం అన్నారు, ఆ సగాన్ని కారులో చనిపోయిన ప్రయాణికుల కుటుంబాల పరిహారంలోంచి కూడా కోశారు. డ్రైవరు తప్పును ప్రయాణికుల మీద మోపడం కుదరదనీ, అసలు రాత్రిపూట రోడ్డు మీద లారీ వదిలేయడమే నిర్లక్ష్యమనీ 2024లో సుప్రీంకోర్టు చెప్పింది. అప్పటికి పదకొండేళ్లు గడిచాయి.

దీపాల్లేని లారీ మాట రాయచూరు జిల్లాకు బాగా తగులుతుంది. ధాన్యం లారీలు, పత్తి ట్రాక్టర్లు, శక్తినగర్ థర్మల్ కేంద్రం నుంచి బూడిద తీసుకెళ్లే ట్యాంకర్లు రాత్రిళ్లు రోడ్డు పక్కన ఆగుతాయి. కోతల కాలంలో రోడ్డు మీదే పంట ఆరబోస్తారు, గుర్తుగా రాళ్లు పెడతారు. వెనక నుంచి బైకు మీద వచ్చినవాడు గుద్దుకుంటే "చూసుకోలేదు" అని అతని మీదే కేసు రాస్తారు. 2018లో సుప్రీంకోర్టు ముందుకు వచ్చిన గ్యాస్ ట్యాంకర్ కేసు ఇలాంటిదే. చీకట్లో దీపాల్లేకుండా ఆగిన ట్యాంకరును గుద్దిన కారు డ్రైవరుకు సగం తప్పు అంటగట్టిన హైకోర్టు తీర్పును కొట్టేసి, ట్యాంకరు వైపుదే తప్పన్న ట్రిబ్యునల్ మాటను నిలబెట్టారు.

ఈ తీర్పులన్నిటి వెనక ఒకే పరీక్ష ఉంది: మృతుడు చేసింది చట్ట ఉల్లంఘనా అని కాదు, అది ప్రమాదానికి కారణమైందా అని అడగాలి. లైసెన్సు లేకపోవడం నేరమే, దానికి శిక్ష ఉంది. కానీ తన వైపున సరిగ్గా పోతున్నవాణ్ని ఎదురు లారీ వచ్చి గుద్దితే, జేబులో లైసెన్సు ఉన్నా లేకపోయినా ఆ గుద్దు ఆగేది కాదు. 2008లో ఒకసారి, 2018లో కర్ణాటక కేసులోనే మరోసారి సుప్రీంకోర్టు ఇదే చెప్పింది. బైకు మీద ముగ్గురు ఎక్కడం గురించి 2020 జనవరిలో ఇదే తర్కం వాడింది. ముగ్గురు ఉండటం వల్లే ప్రమాదం జరిగిందనో, దెబ్బ తీవ్రమైందనో సాక్ష్యం లేకుండా హైకోర్టు కోసిన పది శాతాన్ని తిరిగి ఇప్పించింది. హెల్మెట్ విషయం ఇంత సులువు కాదు. హెల్మెట్ లేకపోవడం వల్ల ప్రమాదం జరగదు, దెబ్బ మాత్రం పెరుగుతుంది. ఇంగ్లండులో 1975 నుంచి సీటుబెల్టు లేనివారికి, బెల్టు ఉంటే గాయమే తగిలేది కాదని తేలితే 25 శాతం, గాయం తగ్గేదని తేలితే 15 శాతం కోస్తున్నారు. మన హైకోర్టుల్లో హెల్మెట్ గురించి ఏకాభిప్రాయం లేదు. 2022లో దేశంలో రోడ్డు మీద చనిపోయిన 1,68,491 మందిలో 50,029 మంది హెల్మెట్ పెట్టుకోని బైకు ప్రయాణికులు కాబట్టి ఇది చిన్న విషయం కాదు. నా అభిప్రాయం ఇది: తల దెబ్బతోనే మరణం సంభవించిందని పోస్టుమార్టం చెబితే తప్ప హెల్మెట్ మాటే ఎత్తకూడదు. ఛాతీ మీదుగా టైరు వెళ్లినవాడి కుటుంబం ముందు ఆ వాదన తేవడం అన్యాయం.

అసలు చిక్కు సాక్ష్యంలో ఉంది. ఢీకొన్న ఇద్దరిలో ఒకరు చనిపోయారు, ఒకరు బతికారు. ఠాణాకు వెళ్లి జరిగింది చెప్పేది బతికున్నవాడు. ఎఫ్ఐఆర్ ఆ మాట మీద మొదలవుతుంది. స్పాట్ పంచనామా, నక్షా అదే దారిలో పోతాయి. కొన్నిసార్లు ఛార్జిషీటులో చనిపోయినవాడినే నిందితుడిగా చూపి, మరణించాడు కాబట్టి కేసు ముగిసిందని రాస్తారు. కర్ణాటక కోర్టుల్లో దీన్ని అబేటెడ్ ఛార్జిషీటు అంటారు. కుటుంబానికి ఆ సంగతి బీమా కంపెనీ జవాబు దాఖలు చేశాకే తెలుస్తుంది. అది తుది మాట కాదని ఎవరూ చెప్పరు. నక్షాలో బండి పడి ఉన్న చోటును మాత్రమే చూసి తప్పు పంచడం కుదరదని 2013లో సుప్రీంకోర్టు అంది. ప్రమాద క్లెయిముల్లో క్రిమినల్ కేసంత గట్టి రుజువు అక్కర్లేదు, ఏది ఎక్కువ సంభావ్యమో చూస్తే చాలని 2009లో చెప్పింది. క్రిమినల్ కోర్టు డ్రైవరును వదిలేసినా పరిహారం ఆగదని 1980లోనే జస్టిస్ కృష్ణయ్యర్ రాశారు. కాబట్టి అబేటెడ్ ఛార్జిషీటు ఉన్నా, చూసినవాళ్లు ఒకరిద్దరిని తెచ్చి సాక్ష్యం చెప్పించగలిగితే దాన్ని తిప్పికొట్టవచ్చు. మృతుడి తప్పు ఉందని నిరూపించాల్సిన భారం కూడా ఆ వాదన చేసే బీమా కంపెనీ మీదే ఉంటుంది. చాలా కేసుల్లో కంపెనీ తన వైపు డ్రైవరును బోనెక్కించనే లేదు. అతణ్ని ప్రశ్నించే అవకాశం ఇవ్వకుండా తప్పు మృతుడిదని వాదిస్తే ఆ వాదనను ట్రిబ్యునల్ ఎందుకు నమ్మాలి?

2022 ఏప్రిల్ 1 నుంచి అమల్లో ఉన్న కేంద్ర నిబంధనల ప్రకారం పోలీసులు 48 గంటల్లో మొదటి నివేదిక, 50 రోజుల్లో మధ్యంతర నివేదిక, 90 రోజుల్లో పూర్తి నివేదిక ట్రిబ్యునల్‌కు పంపాలి. అదే ఏడాది డిసెంబరులో సుప్రీంకోర్టు వీటి అమలు మీద గట్టి ఆదేశాలిచ్చింది. ఆ నివేదికల్లో చనిపోయినవాడి కుటుంబం వైపు మాట కూడా నమోదు కావాలి. తెలుగు మాత్రమే వచ్చిన భార్య చెప్పిన మాటను ఆమె భాషలోనే రాసుకొని, ఆ తర్వాత కన్నడంలోకి మార్చే ఏర్పాటు సరిహద్దు ఠాణాల్లో ఉండాలి. ఇది పెద్ద ఖర్చు కాదు.

తప్పు ప్రస్తావన లేకుండానే పరిహారాన్ని దెబ్బతీసే విషయం ఇంకొకటి: ఎక్కిన బండి ఏది అన్నది. 1994 సవరణ తర్వాత సరుకుల బండిలో వెళ్తున్న సరుకు యజమానికి, అతని ప్రతినిధికి బీమా వర్తిస్తుంది. ఊరికే ఎక్కిన ప్రయాణికుడికి వర్తించదని 2002లో ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం చెప్పింది. అరగినమర క్యాంపు ప్రమాదం జరిగిన మర్నాడే ఉత్తర కన్నడ జిల్లా యల్లాపుర దగ్గర కూరగాయల లారీ బోల్తా పడి పది మంది వ్యాపారులు చనిపోయారు. అలా తమ సరుకుతో వెళ్లేవాళ్లు చట్టం దృష్టిలో ఒక వర్గం, అదే లారీలో కోత పనికి వెళ్లే కూలీ మరో వర్గం. ట్రాక్టరు ట్రాలీలో అయితే డ్రైవరుకు తప్ప ఎవరికీ సీటే లేదు. ఇక్కడ ఎవరూ "తప్పు" అన్న మాట వాడరు. కానీ ఫలితం అదే, ఇంకా ఘోరం కూడా: బీమా తప్పుకొని బండి యజమాని మీదికి పోతే, ఆయన చిన్న రైతు అయితే, కుటుంబం చేతికొచ్చేది కాగితమే. ఊరికి బస్సు లేనప్పుడు ట్రాక్టరెక్కిన మనిషిని నిర్లక్ష్యవంతుడని నేను అనలేను. బీమా కంపెనీ ముందు చెల్లించి యజమాని నుంచి వసూలు చేసుకునే పద్ధతిని 2020లో కర్ణాటక హైకోర్టు ఫుల్ బెంచ్ విస్తృతంగా నిలబెట్టింది. ఈ కూలీల దాకా దాన్ని తేవాలంటే చట్ట సవరణే మేలైన మార్గం.

సిరా లాంటి ప్రమాదాల్లో పరిమితి మించిన ప్రయాణికుల ప్రశ్న కూడా వస్తుంది. 42 మందికి అనుమతి ఉన్న బస్సులో 90 మంది ఎక్కి లోయలో పడిన హిమాచల్ కేసులో 2007లో సుప్రీంకోర్టు, అత్యధిక మొత్తాలున్న 42 అవార్డుల సొమ్మును బీమా కంపెనీ జమచేయాలనీ, దాన్ని బాధితులందరికీ దామాషాలో పంచాలనీ చెప్పింది. ఎవరికీ పూర్తిగా అందదు, ఎవరూ ఖాళీ చేతులతో పోరు. ఎక్కువ మందిని ఎక్కించింది యజమాని, డ్రైవరు. ఎక్కినవాడి పరిహారం తగ్గడం మాత్రం నాకు ఇప్పటికీ మింగుడుపడదు.

తప్పంతా చనిపోయినవాడిదే అయితే? 2000 సంవత్సరంలో ఇలకల్ నుంచి సొంతూరికి, అడిగి తెచ్చుకున్న బైకు మీద వెళ్తున్న ఒకాయన, ముందు ఇనుప రేకులతో పోతున్న ఎద్దుల బండి ఉన్నట్టుండి ఆగడంతో గుద్దుకొని చనిపోయాడు. ఇలకల్ లింగసుగూరుకు దగ్గరి ఊరే. బండి అడిగి తెచ్చుకున్నవాడు యజమాని స్థానంలోకే వస్తాడు కాబట్టి ఆ బండి బీమా నుంచే అతని కుటుంబం, తప్పు నిరూపించనక్కర్లేని అప్పటి 163ఎ సెక్షన్ కింద, అడగడానికి వీల్లేదని 2009లో సుప్రీంకోర్టు తేల్చింది. తన దుడుకు వల్లే చనిపోయిన డ్రైవరు కుటుంబానికి బీమా కంపెనీ చెల్లించనక్కర్లేదని 2025 జులైలో, కర్ణాటక కేసులోనే మళ్లీ చెప్పింది. అయినా దారులు మూసుకుపోలేదు. ప్రమాదంలో ఇంకో బండి ఉంటే, దాని మీద 164వ సెక్షన్ కింద తప్పు ప్రస్తావన లేకుండా 5 లక్షలు అడగవచ్చు. ఇది ఎంచుకుంటే 166 కింద పూర్తి పరిహారం వదులుకోవాలి కాబట్టి తొందరపడకూడదు. సొంత బండి, చెల్లే లైసెన్సు ఉండి, పాలసీలో యజమాని-డ్రైవరు వ్యక్తిగత ప్రమాద బీమా ఉంటే 15 లక్షలు వస్తాయి. తప్పెవరిదన్నది అక్కడ లెక్కలోకి రాదు. జీతానికి నడిపే డ్రైవరు చనిపోతే, తప్పు తనదే అయినా, ఉద్యోగులకు పరిహారం ఇచ్చే చట్టం కింద యజమాని నుంచి, బీమా నుంచి రాబట్టవచ్చు. గుద్ది పారిపోయిన బండి దొరక్కపోతే 2 లక్షలు. వీటికి పాలసీ కాపీ కావాలి. చావింట్లో మొదటి వారంలోనే ఎవరైనా ఆ కాగితం వెతికి భద్రపరచాలి.

ఫ్రాన్సు 1985 జులై 5 చట్టంతో ఇంకో దారి పట్టింది. పాదచారికి, సైకిలు మీదున్నవాడికి, ప్రయాణికుడికి గాయమైతే వాళ్ల మామూలు తప్పును లెక్కలోకే తీసుకోరు. క్షమించరాని తప్పై, అదొక్కటే ప్రమాదానికి కారణమైతే తప్ప పూర్తి పరిహారం ఇస్తారు. పదహారేళ్లలోపు, డెబ్బై దాటినవాళ్లకు ఇంకా గట్టి రక్షణ. మన 164వ సెక్షన్‌లో ఆ ఆలోచన ఉంది, మొత్తం మాత్రం 5 లక్షలు. పైన లెక్కగట్టిన 26 లక్షల పక్కన ఇది ఐదో వంతు కూడా కాదు. నడిచి పొలానికి వెళ్లేవాడికీ, సైకిలు మీద బడికి పోయే పిల్లకూ తప్పు పంపకం నుంచి పూర్తి మినహాయింపు ఇవ్వాలన్నది నా వాదన. మోటారు బండి నడిపేవాళ్ల మధ్య తప్పు పంచండి, కారణాలు రాసి పంచండి.

అప్పటిదాకా కుటుంబాలకు తెలియాల్సినవి: పిటిషన్ ప్రమాదం జరిగిన చోటే వేయనక్కర్లేదు, తాము ఉండే చోట కూడా వేయవచ్చు. సింధనూరులో మరణం సంభవించినా మంత్రాలయం వైపు కుటుంబం తమ జిల్లా ట్రిబ్యునల్‌కు వెళ్లి తెలుగులో సాక్ష్యం చెప్పవచ్చు. 2019 సవరణ పిటిషన్‌కు ఆరు నెలల గడువు పెట్టింది. ఆ గడువు చెల్లుతుందా అన్నది సుప్రీంకోర్టు ముందుంది, ఆలస్యమైందని పిటిషన్లు కొట్టేయొద్దని 2025 నవంబరులో మధ్యంతరంగా ఆదేశించింది. అయినా గడువులోపల వేయడమే క్షేమం. ఎఫ్ఐఆర్, పంచనామా, నక్షా, పోస్టుమార్టం నివేదికల కాపీలు ఠాణా నుంచి తీసుకోవాలి. వాటిని కన్నడం చదవగలిగినవాళ్లతో మొదటి రోజే చదివించుకోవాలి. నిందితుడిగా ఎవరి పేరు రాశారో చూసుకొని, అది మృతుడిదైతే చూసిన సాక్షుల పేర్లు అప్పుడే రాసి పెట్టుకోవాలి.